ప్రయాణంలో ఉన్నవారు

1953 అక్టోబరు 4, ఆదివారం. నంద్యాల.

బడిలో హాజరు వేయడానికి ఇచ్చిన నోటుపుస్తకాల్లో ఒకటి మిగిలితే ఇంటికి తెచ్చుకున్నాను. ఎవరికీ చూపించేది కాదు.

మా ఆయన వెళ్లి ఇరవై అయిదు రోజులు. ఆళ్లగడ్డ రేంజిలో అడవి సర్వేకు గొలుసు పట్టే పని. అయిదుగురు అహోబిలం మీదుగా నల్లమల ఎక్కారు, నలుగురు దిగారు. పద్నాలుగో తేదీ వాన పట్టుకుందట. ఆయనకు జ్వరం. ఒక బండచరియ కింద పడుకుని, మీరు పోయి సర్వే గీత ముగించుకుని రండి అన్నాడట. మర్నాడు వాళ్లు వచ్చి చూస్తే దుప్పటి ఉంది, మనిషి లేడు. రెండు వారాలు వెతికారు. ఇంక వెతకడం ఆపేశామని నిన్న జాబు వచ్చింది.

మనిషి లేడంటే లేచి నడిచాడనే కదా. నడవగలిగినవాడు ఎక్కడో నడుస్తూనే ఉంటాడు.

చర్చిలో ఆదివారం ఆదివారం ఉపదేశి ఇస్సాకు గారు ప్రార్థన చీటీ చదువుతారు. చేతిరాత బాగుంటుందని దాన్ని నాతోనే రాయిస్తారు. శనివారం సాయంత్రం పని. నాలుగు వరసలుంటాయి: ప్రయాణంలో ఉన్నవారు, జబ్బుతో ఉన్నవారు, దుఃఖంలో ఉన్నవారు, ప్రభువునందు నిద్రించినవారు. నిన్న మొదటి వరసలో మత్తయి అని రాశాను. ఇవాళ చదివారు. అత్త పక్కనే ఉండి ఆమెన్ గట్టిగా అన్నది.

గురువారం కొత్త రాష్ట్రం వచ్చిందని పిల్లలకు పిప్పరమెంట్లు పంచాం. ఒకటి నా పర్సులో ఇంకా ఉంది.

ఇంట్లో క్షేమం.

అక్టోబరు 10.

చీటీ రాశాను. క్షేమం.

నవంబరు 2.

సమాధుల పండుగ. అత్త ఆదెమ్మ పొద్దున్నే సున్నం కలుపుకుని పోయి మామ సమాధికి పూసింది. నేను పూలు పెట్టాను. పక్క సమాధుల దగ్గర అందరూ వాళ్ల వాళ్ల పని చేసుకుంటున్నారు. అత్త కుంచె పక్కన పెట్టి, దేవుడితోనో నాతోనో తెలియకుండా అన్నది:

"వుంటే వుండాడని చెప్పు. లేకుంటే ఈడుండాడని చోటు చూపీ. రెంట్లో ఏదైనా సరే, మోస్తా. ఈ తెలీకపోవడం మాత్రం మోయలేను."

నేను వినిపించుకోనట్టు పూలు సర్దాను. ఎండ బాగా ఉంది.

1954 జనవరి 12.

మద్దిలేటి అని ఆళ్లగడ్డ రేంజిలో గార్డు, మధ్యాహ్నం బస్సుకు వచ్చాడు. వెంట ఒక చెంచు ఆడమనిషి, పేరు రాములమ్మ. అత్త గోస్పాడులో కూతురింటికి పోయి ఉంది. మంచిదే అయింది.

రాములమ్మ లోపలికి రానన్నది. అరుగు మీద కూర్చుని కొంగుమూట విప్పి ఒక ఇత్తడి చెంబు తీసింది.

"వానలు ఎలిసినాక మావోళ్లు గడ్డలు తవ్వను పోతే కనబడినాడమ్మా. ఊటకాడికి నీళ్లకు దిగతా పడిపోయినట్టుండె. ఈ చెంబు చేతికాడ్నే వుండె. నక్కలు ముట్టకుండా మేమే రాళ్లు పేర్చినాము."

మద్దిలేటి టోపీ తీసి చేతిలో పట్టుకున్నాడు. "రేంజరు ఒప్పుకోల్యా టీచరమ్మా. చెంచోళ్ల మాట మీద మనిషి సచ్చినాడని యెట్ల రాసేదన్నాడు. చెంబు మీద పేరు కొట్టిండారు గదా, ఇంటోళ్లు మాదేనంటే రాస్తామన్నాడు."

ఆమె చెంబు చాపింది. నేను తీసుకోలేదు. మాది కాదన్నాను.

"తిప్పి సూడమ్మా."

"చూశాను. మాది కాదు."

ఇట్లాంటి చెంబులు నంద్యాల బజారులో వందలు. అడవిలో ఉండేవాళ్లకు తేదీలు తెలియవు, మనుషుల ముఖాలు తెలియవు. ఎవరో ఎక్కడో పడిపోతే అది మా ఆయనేనని ఎట్లా చెబుతారు? చదువు లేనివాళ్ల మాట పట్టుకుని ఎవరైనా గోరంత సంగతి కొండంత చేసుకుంటారా?

రాములమ్మ కోపం చేసుకోలేదు. "అట్లయితే మేమే వాడుకుంటాంలే" అని మూట కట్టుకుంది. మంచినీళ్లు అడిగింది, ఇచ్చాను. నిలబడి తాగి వెళ్లిపోయింది. మద్దిలేటి మాత్రం వీధి మలుపు దగ్గర ఒకసారి వెనక్కి చూశాడు.

సాయంత్రం అత్త వచ్చి ఎవరో వచ్చారంట కదా అన్నది. తేనె అమ్మేవాళ్లన్నాను.

క్షేమం.

జనవరి 13.

ఇంట్లో చెంబులు చూశాను. ఒకటి తక్కువ. మొదటినుంచీ తక్కువేనేమో.

జూన్ 22.

మా హెడ్మిస్ట్రెస్ జానకమ్మ గారు ఒక లావుపాటి ఇంగ్లీషు పుస్తకం నా బల్ల మీద పెట్టింది. ఎప్పుడో మిషను దొరసాని వదిలి వెళ్లింది. ఉత్తర ధ్రువం వైపు పోయినవాళ్ల చరిత్ర.

"తెలుగులో పిల్లోళ్లు చదివే పుస్తకాలు లేవు లూదియా. ఎనిమిదో తరగతికి పన్నెండు పాఠాలు రాయి. ఊరికే కూర్చుంటే మనిషి తుప్పు పట్టిపోతాది."

నాకు తుప్పు పడుతోందని ఆమెకెవరు చెప్పారో. సరేనన్నాను. ఈ మధ్య ఎవరేమన్నా సరేననడం సులభంగా ఉంది.

జూలై 18.

మొదటి పాఠం అయింది. బారెంట్స్ అనే డచ్చి నావికుడు. 1596లో ఓడ మంచులో ఇరుక్కుంటే, ఒడ్డున దొరికిన దుంగలతో గుడిసె వేసుకుని చలికాలమంతా గడిపారు. ఎండలొచ్చాక పడవల్లో తిరిగి వస్తూ దారిలో ఆయన పోయాడు. ఆ గుడిసె రెండువందల డెబ్బై అయిదేళ్లకు ఎవరికో కనబడింది. లోపల వంటపాత్రలు పెట్టినవి పెట్టినట్టే ఉన్నాయట.

రెండువందల డెబ్బై అయిదేళ్లు. అంటే తొందరేమీ లేదు.

1955 మార్చి 9.

ఎనిమిదో తరగతికి చదివి వినిపించాను. ఈ పిల్లలకు మంచు అంటే సోడా అంగట్లో పొట్టులో పెట్టిన గడ్డ. సముద్రమే గడ్డ కడుతుందంటే బిత్తరపోయి చూశారు. ఆరు నెలలు పొద్దు మునగదంటే మహాలక్ష్మి అనే పిల్ల లేచి, "అట్లయితే ఆడ రంజాన్ ఉపాసం యెప్పుడు యిడుస్తారు టీచర్?" అన్నది. క్లాసంతా నవ్వింది. నేనూ నవ్వినట్టు ముఖం పెట్టాను.

తర్వాత చలికి వేళ్లు పోయే సంగతి చెప్పాను. మొదట బాగా నొప్పి పుడుతుంది. నొప్పి తగ్గిందంటే సంతోషించకూడదు, ఆ వేలు చచ్చిపోతోందని. నూట అయిదు డిగ్రీల ఎండలో ఈ పాఠం చెప్పడం చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టే. అయినా రాసుకున్నారు పాపం.

1955 ఆగస్టు 6.

చీటీ. క్షేమం.

1956 నవంబరు 3.

రాజధాని హైదరాబాదుకు వెళ్లిపోయింది. మూడేళ్ల ముచ్చట. కర్నూలులో గుడారాల్లో ఆఫీసులు పెట్టుకున్నవాళ్లు మూటలు కట్టుకుంటున్నారని పేపరులో ఉంది.

నాన్సెన్ పాఠం ఒక్క పూటలో అయిపోయింది. ఈయన అందరిలాంటివాడు కాదు. ఓడను కావాలనే మంచులో ఇరికించాడు. మంచు ఎటు తీసుకుపోతే అటు. మూడేళ్లు. ఓడలో వాళ్లు తిన్నారు, పడుకున్నారు, పుస్తకాలు చదువుకున్నారు. చూసేవాళ్లకు ఓడ నిలబడినట్టే ఉంటుంది. నాకు ఈ మనిషి నచ్చాడు.

అత్త ప్రతి శనివారం అడుగుతుంది. "రాసినావా వాని పేరు?" రాశానంటాను. "యాడ?" ప్రయాణంలో అంటాను. తలూపి పక్కకు తిరిగి పడుకుంటుంది.

చీటీ రాశాను. క్షేమం.

1957 ఫిబ్రవరి 16, శనివారం.

ఏడో పాఠం, ఫ్రాంక్లిన్. 1845లో రెండు ఓడలు, నూట ఇరవై తొమ్మిది మంది. కెనడా పైన మంచులో దారి వెతకబోయి ఒక్కరూ తిరిగి రాలేదు. ఫ్రాంక్లిన్ వయసైపోయిన మనిషి. ఆ పని ఆయనకే ఇవ్వాలని పెద్దవాళ్ల దగ్గరికి తిరిగింది భార్య జేన్ అట. తర్వాత వెతకడానికి ఓడ మీద ఓడ పంపింది కూడా ఆమే. తొమ్మిదేళ్లకు నౌకాదళం వాళ్లు పట్టీలోంచి పేర్లు కొట్టేశారు. ఆమె నల్లబట్టలు కట్టుకోవాల్సిన రోజున కావాలనే రంగుబట్టలు కట్టుకుంది. మొండివాడు రాజుకన్నా బలవంతుడంటారు, మొండిది ఇంకొంచెం ఎక్కువ.

నేనూ రంగుచీరలే కడుతున్నాను. చర్చిలో కొందరు చూస్తారు. చూడనీ.

ఆ ఏడే రే అనే డాక్టరు కబురు తెచ్చాడు. ఎస్కిమోలు చెప్పారట, తెల్లవాళ్లు పడవ ఈడ్చుకుంటూ నడిచి నడిచి ఆకలితో పడిపోయారని. వాళ్ల దగ్గర వెండి స్పూన్లు కొని తెచ్చాడు. వాటి మీద ఆ ఆఫీసర్ల ఇంటి గుర్తులున్నాయి. లండన్‌లో పెద్దమనుషులు నమ్మలేదు. అడవిజాతి మాట అన్నారు. జేనూ నమ్మలేదు.

పాఠంలో ఇట్లా రాశాను: "చూసినవారి మాట త్రోసివేసి చూడనివారు తీర్పు చెప్పిరి. అబద్ధమాడిన ఎస్కిమోలకు ఒరుగునదేమి? చదువు లేకున్నంత మాత్రాన కన్నులు లేవా?"

రాసి మళ్లీ చదువుకున్నాను. వంటింట్లోకి పోయి ఊరికే కొంచెంసేపు నిలబడ్డాను. వచ్చి పాఠం చించేశాను.

చీటీ రాశాను.

1957 ఏప్రిల్ 2.

ఏడోది వదిలేసి ఎనిమిది రాయమని జానకమ్మ గారు అన్నారు. రాస్తున్నాను. క్షేమం.

1958 ఆగస్టు 12.

అమెరికా జలాంతర్గామి ఒకటి మూడో తేదీన మంచు కిందినుంచి సరిగ్గా ధ్రువం దాటిందట. పైన మంచు, చుట్టూ చీకటి నీళ్లు. అత్తకు ఇప్పుడు చూపు బాగా మందగించింది, పేపరు నేనే చదివి వినిపిస్తాను.

"సూడకుండా పోయినోనికి పోయినట్లెట్ల తెలుస్తాది?" అన్నది.

గడియారాలు, లెక్కలు ఉంటాయన్నాను.

"లెక్కలుంటాయా" అన్నది. "ఆ లెక్కలోళ్లను మన మత్తయిని గూడా సూసి పెట్టమను."

నవ్వుతూనే అన్నది. నాకు అన్నం సయించలేదు. ఆ మాటకే అని కాదు, ఉక్కగా ఉంది.

1959 డిసెంబరు 30.

పదకొండు పాఠాలు అయ్యాయి. ఏడోది లేదు. జానకమ్మ గారు అడగడం మానేసింది.

1960 సెప్టెంబరు 15.

ఆళ్లగడ్డ రేంజి ఆఫీసు నుంచి కాగితం. మనిషి జాడ తెలియక ఏడేళ్లు నిండితే చట్టప్రకారం పోయినట్టే లెక్కట. భార్య స్వయంగా వచ్చి ఒక వాఙ్మూలం మీద సంతకం పెడితే పట్టీలోంచి పేరు తీసేస్తారు. ఇరవై రెండో తేదీకి రమ్మన్నారు.

అత్త అడిగింది ఏం కాగితమని. బడి కాగితమన్నాను.

సెప్టెంబరు 22.

ఎడమచేత్తో ఈ పుస్తకం పట్టుకుని బస్సులోనే రాస్తున్నాను, అక్షరాలు వంకర పోతున్నాయి. ఇంటికి పోతే రాయనేమోనని భయం.

ఆళ్లగడ్డలో గుమాస్తా కాగితం చదివాడు. "సదరు మత్తయిని గూర్చి నేటి వరకు ఎట్టి సమాచారమును నాకు అందలేదని ఇందుమూలముగా..." నా పేరు దగ్గర వేలు పెట్టి కలం ఇచ్చాడు. గుమ్మం దగ్గర మద్దిలేటి నిలబడి ఉన్నాడు. జుట్టు నెరిసింది. నన్ను చూడడం లేదు, గోడను చూస్తున్నాడు. ఆరేళ్ల కింద నా అరుగు మీద టోపీ తీసి పట్టుకున్న మనిషి ఇప్పుడు నా బదులు సిగ్గుపడి గోడ చూస్తున్నాడు.

కలం కింద పెట్టాను. సమాచారం అందింది అన్నాను.

"యేందమ్మా?" అన్నాడు గుమాస్తా.

"యాభై నాలుగు జనవరి పన్నెండున ఈ మద్దిలేటన్న, రాములమ్మ అనే ఆమె చెంబు తెచ్చి చూపించారు. అది నాదే. నా పేరే ఉంది దాని మీద. కాదని అబద్ధం చెప్పాను."

నోట్లోంచి అంత తేలిగ్గా వచ్చింది. గుమాస్తా కాగితం వెనక్కి లాక్కున్నాడు. మద్దిలేటి మాత్రం, "పా టీచరమ్మా, పన్నెండుకు అహోబిలం బస్సుండాది" అన్నాడు.

చెంచుల గూడెంలో రాములమ్మ ఇంటి ముందే ఉంది. చెంబు పొయ్యి పక్కన ఉంది. అడుగు సొట్ట పడింది.

"మాది కాదంటివే" అన్నది.

"నాదే."

బూడిద పెట్టి తోమింది, కడిగింది, నిండా నీళ్లు పోసి నా చేతికిచ్చింది. "దీంట్లో తాగే నా పిల్లోళ్లు పెరిగినారు. తీస్కపో. రాళ్లకాడికి యిప్పుడు పోతే మల్లా దిగలేవు. తెల్లారుజామున రా, నేను తోడొస్తా."

పెళ్లప్పుడు అత్త కొనిచ్చిన చెంబు. తనే అంగట్లో కూర్చుని నా పేరు కొట్టించింది. మొదటి అక్షరం దగ్గర ఉలి జారి గీత పడితే వాడితో పెద్ద పోట్లాట పెట్టుకుంది. ఆ గీత అరుగు మీదే కనబడింది నాకు. ఆ రోజు బాగా వెలుతురుగా ఉంది.

ఇంకొకటి కూడా రాస్తాను. వెళ్లే ముందు రోజు ఒళ్లు వెచ్చగా ఉంది, ఈసారికి మానుకుంటానన్నాడు. ఈ వెచ్చదనం మన గోడకు కూడా ఉంది, పోకుంటే ఉద్యోగం ఖాయం చేయరు అన్నాను. చెంబు సంచిలో పెట్టింది నేనే. అది మాదేనంటే ఈ మాట కూడా నాదే అవుతుంది.

సెప్టెంబరు 23.

పొద్దున అత్త మంచినీళ్లడిగింది. ఆ చెంబుతోనే ఇచ్చాను. వేరే ఎట్లా చెప్పాలో తెలియలేదు.

తాగుతూ తాగుతూ ఆగింది. బొటనవేలు చెంబు మెడ కింద పేరు మీద పోయింది. చదువు రాదు, చూపు లేదు. ఆ గీత మీద వేలు నిలిచింది.

"యాడ?" అన్నది.

"అహోబిలం పైన. ఊట దగ్గర."

"రాళ్లు పెట్టినారా?"

"పెట్టారు. చెంచోళ్లు."

"నీకెప్పుడు తెలిసె?"

చెప్పాను. తేనె అమ్మేవాళ్ల సంగతి కూడా చెప్పాను.

చెంబు కింద పెట్టింది. కొడుతుందనుకున్నాను. కొట్టినా బాగుండేది.

"మూడొందల శనివారాలు గదే" అన్నది. "రాసినావా, రాసినావా అని నాతో అడిగించుకుంటివి గదే."

మధ్యాహ్నం పక్కింటి బండిలో గోస్పాడుకు కూతురి దగ్గరికి వెళ్లిపోయింది.

సెప్టెంబరు 25, ఆదివారం.

నిన్న చీటీ రాయలేదు. జ్వరమని కబురు పంపాను. ఇస్సాకు గారు నోటికే చదివారు. ప్రయాణంలో ఉన్నవారు, మత్తయి. ఏడేళ్లలో ఆయనకు కంఠస్థం అయిపోయింది.

అక్టోబరు 14.

ఏడో పాఠం రాశాను. ఆగకుండా.

1859లో వెతకబోయినవాళ్లకు ఒక రాళ్లగుట్టలో రేకుడబ్బా, డబ్బాలో ఒక కాగితం దొరికింది. ఆరు భాషల్లో అచ్చేసిన ఫారం. 1847 మేలో దాని మీద రాశారు: అందరూ క్షేమం. మరుసటి ఏడు ఏప్రిల్‌లో ఎవరో అదే కాగితం బయటికి తీసి, చోటు లేక అంచుల చుట్టూ రాశారు: ఫ్రాంక్లిన్ పోయాడు, ఇరవై నలుగురు పోయారు, ఓడలు వదిలేశాం, రేపు దక్షిణంగా నడుస్తాం.

మొదట రాసినవాడు అబద్ధం రాయలేదు. ఆ రోజున నిజంగానే క్షేమం. ఈ పుస్తకం వెనక్కి తిప్పి చూసుకున్నాను. నాకు ఆ సాకు కూడా లేదు. ఆయన పోయాడు. మత్తయి పోయాడు. జ్వరంతో నీళ్లకు దిగి ఒంటరిగా పోయాడు.

ఎస్కిమోల గురించి చించేసిన మాటలు మళ్లీ అట్లాగే రాశాను. జానకమ్మ గారు చదివి, "ఇది బాగొచ్చింది లూదియా" అన్నది.

అక్టోబరు 30.

అత్త వచ్చింది. మాట్లాడలేదు. వండి పెడితే తిన్నది.

నవంబరు 2.

నిన్న మధ్యాహ్నం అత్త పెరట్లో కూర్చుని సున్నం కలిపింది. డబ్బాలో కాదు, ఆ చెంబులో. నెల తర్వాత మొదటి మాట అన్నది.

"నాకు కొండెక్కే శక్తి ల్యా. నా చేత్తో కలిపినా. పోయి పూసి రా."

రాత్రికి గూడెంలో ఉన్నాను. రాములమ్మ, నేను తెల్లారుజామున ఎక్కాం. ఆమె ముందు, నేను వెనక. ఊట చిన్నది, చుట్టూ తడి ఉంది. రాళ్లు జాగ్రత్తగా పేర్చారు, పెద్దవి కింద, చిన్నవి పైన. ఏడేళ్లలో ఒక్కటీ జారలేదు. వానలు పోయాక ఏటా వచ్చి సరిచేస్తామని రాములమ్మ అన్నది. "దారిన పోయినోడు, మా కొండలో పడినోడు మావోడేగా" అన్నది.

సున్నం పూశాను. సగం పూసేసరికి చేతులు మండడం మొదలుపెట్టాయి. ఆ మంట మంచిగా అనిపించింది. అప్పుడు ఏడ్చాను. గట్టిగా, ఊరంతా వినబడేటట్టు, అక్కడ ఊరు లేదు కాబట్టి. రాములమ్మ ఊటలో చెంబు కడుక్కొచ్చి నీళ్లిచ్చింది.

నవంబరు 5, శనివారం.

సాయంత్రం చీటీకి కూర్చున్నాను. అత్త మంచం మీదినుంచి అన్నది, "రాసినావా?"

"రాశాను."

"చదువు."

చదివాను. ప్రయాణంలో ఉన్నవారు, ప్యాపిలికి పోయిన బెంజిమన్ కుటుంబం. జబ్బుతో ఉన్నవారు, ముగ్గురు. దుఃఖంలో ఉన్నవారు, ఎవరూ లేరు. ప్రభువునందు నిద్రించినవారు, మత్తయి.

ఆ పేరు దగ్గర అత్త ఆమెన్ అనలేదు. తర్వాత మంచం దిగి, గోడ పట్టుకుంటూ వచ్చి నా పక్కన కింద కూర్చుంది. సున్నానికి పొట్టులేచిన నా వేళ్లు తడిమి చూసింది.

"మూడో వరసలో ఎవరూ లేరంటివే" అన్నది. "ఆడ మన పేర్లు రాయి."

కలం తీసుకున్నాను. ఆదెమ్మ అని రాయబోతే చేయి పట్టుకుంది.

"ముందు నీది రాయి."

రాశాను.